బోస్కోప్ ఆపిల్, కాండిస్, కోర్న్: ఇంట్లో మసాలా ఆపిల్ లిక్యూర్ చేసుకునే పద్ధతి

మేముండేది జర్మనీలో, హాంబర్గ్ నగరపు దక్షిణ భాగమైన హార్‌బుర్గ్‌లో. ఇక్కడ ఎస్-బాన్ రైలెక్కి పడమటికి వెళితే అరగంటలోపే ఆల్టెస్ లాండ్ అంచుకి చేరతాం. ఎల్బె నది ఒడ్డున ఉన్న పల్లపు నేల అది. 12వ శతాబ్దంలో డచ్చివాళ్లు వచ్చి, గట్లు కట్టి, కాలవలు తవ్వి, ఆ బురదనేలని సాగులోకి తెచ్చారు. ఇప్పుడు ఎటు చూసినా పండ్లతోటలే, వాటిలోనూ ఎక్కువ ఆపిల్. సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో రైతుల ఇళ్ల ముందు బల్లల మీద ఆపిల్ సంచులు పెట్టి ఉంటాయి. పక్కనే చిన్న డబ్బా ఉంటుంది, అమ్మే మనిషి ఉండడు. సంచి తీసుకుని, డబ్బాలో యూరోలు వేసి వచ్చేయడమే.

ఈ ప్రాంతంలో చాలా ఇళ్లలో శరదృతువు ఆపిళ్లతో బ్రాట్‌ఆప్ఫెల్ లికోర్ పెడతారు. కాల్చిన ఆపిల్ రుచి, దాల్చినచెక్క వాసన కలిసిన తియ్యటి మద్యం అది. అక్టోబరు మొదట్లో పెడితే డిసెంబరులో, క్రిస్మస్ ముందరి ఆదివారాలకి, చిన్న గ్లాసుల్లో పోసుకోవడానికి సిద్ధంగా ఉంటుంది. సీసాల్లో నింపి చుట్టాలకి, స్నేహితులకి ఇస్తారు కూడా.

నాకు ఇది నేర్పింది మా పై అంతస్తులో ఉండే పెద్దావిడ. ఆవిడ పుట్టింది ఆల్టెస్ లాండ్‌లోని యోర్క్ దగ్గరి పల్లెలో, ఆపిల్ తోటల మధ్యనే. పద్ధతి ఆవిడదే గానీ మసాలా విషయంలో మాత్రం నేను వేరే దారి పట్టాను. ఇక్కడ చాలామంది పండు, చక్కెర, మసాలా, మద్యం అన్నీ మొదటిరోజే జాడీలో వేసి ఆరువారాలు వదిలేస్తారు. దాంతో లవంగం మిగతా అన్నిటినీ మింగేస్తుంది. ఆపిల్ రుచి బయటికి రావడానికి వారాలు పడుతుంది. లవంగం, అనాసపువ్వు తమ ఘాటంతా రెండు మూడు రోజుల్లోనే వదిలేస్తాయి. రెంటికీ ఒకే గడువు పెట్టడం సరికాదు. అందుకే నేను ముందు ఆపిల్‌ని నానబెట్టి, మసాలాని చివరి పది రోజుల్లోనే వేస్తాను, అది కూడా రెండు మూటలుగా కట్టి. ఈ ఒక్క మార్పుతో లిక్యూర్‌లో ఆపిల్ ఆపిల్‌గా తెలుస్తుంది.

సుమారు 900 మిల్లీలీటర్ల లిక్యూర్ రావడానికి ఇవి కావాలి: గింజల భాగం తీసేశాక తూచిన ఆపిల్ ముక్కలు 500 గ్రాములు, 38 శాతం ఆల్కహాల్ ఉన్న డొప్పెల్‌కోర్న్ అనే ధాన్యపు మద్యం ఒక సీసా (700 మిల్లీలీటర్లు), గోధుమరంగు కాండిస్ (పటికబెల్లం) 200 గ్రాములు, నిమ్మతొక్క ఒక సన్నటి పట్టీ. మసాలాకి సిలోన్ దాల్చినచెక్క వేలంత పొడవుది ఒకటి, యాలకులు రెండు, అల్లం పల్చటి బిళ్లలు రెండు, లవంగాలు మూడు, అనాసపువ్వు సగం. వెనిలా కాయ ఉంటే సగం, లేకపోతే మానేయండి. పాత్రగా లీటరున్నర గాజు జాడీ, రబ్బరు రింగుతో బిగుతుగా మూతపడేది కావాలి. ప్లాస్టిక్ డబ్బాలు వద్దు. మద్యం ప్లాస్టిక్ వాసన లాగుతుంది.

ఇక ఆపిల్ గురించి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే సగం ఫలితం ఇక్కడే తేలిపోతుంది. నేను వాడేది బోస్కోప్. 1856లో నెదర్లాండ్స్‌లోని బోస్కోప్ అనే ఊళ్లో దొరికిన రకం ఇది. పెద్ద కాయ, తొక్క గరుకుగా, తుప్పురంగు మచ్చలతో ఉంటుంది. అందంగా ఉండదని మనవాళ్లు సంతలో పక్కన పెట్టేస్తుంటారు. కొరికితే గట్టిగా, బాగా పుల్లగా ఉంటుంది. లిక్యూర్‌కి కావాల్సింది ఆ పులుపే. 200 గ్రాముల చక్కెర పడ్డాక పులుపు లేని ఆపిల్ రుచి అడ్రస్ లేకుండా పోతుంది, తీపి ఒక్కటే మిగులుతుంది. బోస్కోప్‌తో పాటు ఒకటి రెండు హోల్‌స్టైనర్ కాక్స్ కాయలు కలిపితే ఇంకా బాగుంటుంది, ఎందుకంటే దాని సువాసన వేరు. బోస్కోప్ దొరక్కపోతే ఎల్‌స్టార్ వాడొచ్చు, పులుపు తీపి రెండూ ఉంటాయి. నిగనిగలాడే ఎర్ర ఆపిళ్లు, తీపి తప్ప ఏమీ లేనివి, వద్దు.

ఇంగ్లండ్‌లో ఉన్నవాళ్లకి బ్రామ్లీ ఉంది. అమెరికాలో ఉన్నవాళ్లు గ్రానీ స్మిత్, జోనథన్, నార్తర్న్ స్పై వంటివి చూసుకోవచ్చు. రకం పేరు తెలియకపోయినా ఒక పరీక్ష ఉంది: కాయని ముక్కు దగ్గర పెట్టుకుంటే వాసన రావాలి, కొరికితే దవడ కింద నీళ్లూరాలి. రెండూ ఉంటే తీసుకోండి. చల్లటి గిడ్డంగుల్లో నెలల తరబడి ఉన్న కాయలకి ఈ వాసన చాలావరకు పోతుంది. కొత్త పంట వచ్చినప్పుడే చేయమనేది అందుకే.

తొక్క తీయకండి. ఆపిల్ వాసనలో పెద్ద వాటా తొక్కలోనూ, దాని కిందనే ఉన్న పొరలోనూ ఉంటుంది. సూపర్ మార్కెట్ కాయలకి మైనం పూత ఉండొచ్చు కాబట్టి వేడినీళ్లలో గుడ్డతో రుద్ది కడిగి తుడవండి. గింజలు, వాటి చుట్టూ ఉండే గట్టి భాగం పూర్తిగా తీసేయాలి. ఆపిల్ గింజల్లో అమిగ్డలిన్ అనే పదార్థం ఉంటుంది. గింజ చితికితే దాన్నుంచి సయనైడ్ పుడుతుంది. పొరపాటున ఒక గింజ మింగితే ఏమీ కాదు గానీ, వారాల తరబడి మద్యంలో నానబెట్టే చోట వాటికి పనిలేదు, పైగా చేదు.

మద్యం ఎంపికలో ఇక్కడివాళ్ల మాట కోర్న్. గోధుమ, రై లాంటి ధాన్యాలతో చేసే జర్మన్ మద్యం ఇది. కనీసం 32 శాతం ఆల్కహాల్ ఉంటే కోర్న్ అనొచ్చు. డొప్పెల్‌కోర్న్ అని సీసా మీద ఉంటే సాధారణంగా 38 శాతం. మన పనికి ఆ రెండోదే కావాలి. కారణం చెబుతాను. ఆపిల్‌లో సుమారు 85 శాతం నీళ్లే. 500 గ్రాముల ముక్కలు వేస్తే 425 మిల్లీలీటర్ల నీళ్లు కూడా వేసినట్టే, అది మెల్లగా బయటికొచ్చి మద్యంలో కలుస్తుంది. 38 శాతం సీసాలో ఉన్న అసలు ఆల్కహాల్ 266 మిల్లీలీటర్లు. సీసాలోని మద్యానికి ఆపిల్ నీళ్లు, కరిగిన చక్కెర కలిస్తే మొత్తం లీటరుంపావు దాకా అవుతుంది (అందులో కొంత ముక్కల్లోనే ఉండిపోతుంది). అంటే చివరికి 21 శాతం చుట్టుపక్కల తేలుతుంది. ఆ బలంలో పండు పులవదు, నెలల తరబడి నిలవుంటుంది. అదే 32 శాతం కోర్న్ వాడితే 18కి పడిపోతుంది. అందుకే నేను 38కి తక్కువ పోయను, 500 గ్రాములకి మించి ఆపిల్ వేయను. జాడీలో ఖాళీ ఉంది కదా అని ఇంకో కాయ తరిగి వేస్తే లెక్క మొత్తం మారిపోతుంది.

కోర్న్ దొరకని చోట వాసనలేని మామూలు 40 శాతం వోడ్కా సరిగ్గా సరిపోతుంది. ఖరీదైనది అక్కర్లేదు, గొంతు మండించేంత నాసిరకం కూడా వద్దు. 96 శాతం స్పిరిట్ మొదటిసారి చేసేవాళ్లు ముట్టుకోకండి. త్వరగా నిప్పంటుకుంటుంది, తొక్కల్లో చేదుని కూడా లాగేస్తుంది. దుకాణంలో పన్ను కట్టి కొన్న సీల్ సీసా తప్ప, ఎవరో ఇంట్లో కాచింది ఎప్పుడూ వాడొద్దు. అందులో మిథనాల్ ఉంటే కళ్లు పోతాయి, ప్రాణం పోతుంది. మనం చేస్తున్నది కాచడం కాదు, కొన్న మద్యంలో పండు నానబెట్టడం మాత్రమే. మద్యం ఇంట్లో బట్టీ పెట్టి కాచడం జర్మనీలో చట్టం ఒప్పుకోదు.

కాండిస్ అంటే మన పటికబెల్లమే. గోధుమరంగుది తీసుకుంటే కాస్త కాచిన పంచదార రుచి వస్తుంది, కాల్చిన ఆపిల్‌తో బాగా కలుస్తుంది. పెద్ద పెద్ద పలుకులు కాబట్టి వెంటనే కరగదు, రోజుల తరబడి కొద్దికొద్దిగా కరుగుతుంది. ఇక్కడి పెద్దవాళ్లు పండు నానబెట్టే లిక్యూర్లన్నిటికీ కాండిస్‌నే వాడతారు. మామూలు పంచదార కూడా పనిచేస్తుంది గానీ, అడుగున పేరుకుపోయి కూర్చుంటుంది, రోజూ తిప్పాలి. బెల్లం మాత్రం వద్దు. దాని వాసన ఆపిల్‌ని కప్పేస్తుంది, మడ్డి కూడా దిగుతుంది.

మొదటిరోజు పని ఇది. జాడీని వేడినీళ్లు, సబ్బుతో కడిగి, మరిగే నీళ్లతో తొలిపి, బోర్లించి పూర్తిగా ఆరనివ్వండి. ఆపిళ్లని గింజలు తీసి, బొటనవేలంత ముక్కలుగా కోయండి. మరీ చిన్నగా కోస్తే తర్వాత వడకట్టడం చాలా కష్టం. ముక్కల్ని రెండు భాగాలు చేసి, ఒక భాగాన్ని అవెన్‌లో కాల్చాలి: 180 డిగ్రీల సెల్సియస్, పాతిక నిమిషాలు, అంచులు గోధుమరంగు తిరిగేదాకా. రెండో భాగం పచ్చిదే ఉంచండి. అన్నీ కాలిస్తే రుచి గాఢంగా వస్తుంది గానీ, ఆపిల్‌లోని పెక్టిన్ అనే జిగురు పదార్థం వేడికి బాగా విడిపోయి లిక్యూర్ మబ్బుగా తయారవుతుంది, తాజాదనం కూడా పోతుంది. అన్నీ పచ్చివే వేస్తే శుభ్రంగా ఉంటుంది గానీ చలికాలపు రుచి రాదు. సగం సగం నాకు నచ్చిన కొలత.

కాల్చేటప్పుడు వెన్న, నెయ్యి చుక్క కూడా వేయొద్దు. ఇక్కడ తినడానికి చేసే బ్రాట్‌ఆప్ఫెల్‌లో వెన్న, బాదం, కిస్‌మిస్ అన్నీ పెడతారు. అది వేరే వంటకం. జాడీలో కొవ్వు పడితే పైకి తేలి, కొన్నాళ్లకి పాడైన నూనె వాసన వేస్తుంది. కాల్చిన ముక్కలు పూర్తిగా చల్లారాకే జాడీలోకి వెళ్లాలి. వేడి ముక్కల మీద మద్యం పోస్తే ఆవిరి లేస్తుంది, దగ్గర్లో పొయ్యి వెలుగుతుంటే అంటుకునే ప్రమాదం ఉంది. మద్యం పోసేటప్పుడు వంటింట్లో మంట ఏదీ లేకుండా చూసుకోండి.

ముందు పచ్చి ముక్కలు, వాటి మీద కాండిస్, ఆపైన కాల్చిన ముక్కలు, నిమ్మతొక్క వేసి కోర్న్ మొత్తం పోయండి. నిమ్మతొక్క పసుపు భాగమే ఉండాలి, కింది తెల్లది చేదు. ఆపిల్ తేలుతుంది కాబట్టి పైకొచ్చిన ముక్కలకి గాలి తగిలి నల్లబడతాయి. ఆవకాయ జాడీలో ముక్క నూనె పైకి తేలకూడదన్నట్టే ఇక్కడా ముక్క మద్యంలో మునిగే ఉండాలి. పైన చిన్న గాజు సాసర్ పెట్టి అదిమితే సరిపోతుంది. జాడీ మీద తారీకు రాసిన కాగితం అంటించండి.

కిటికీ గట్టు మీద ఎండలో పెట్టే అలవాటు ఇక్కడ కొందరికి ఉంది. నేను అల్మరాలో, వెలుతురు తగలని చోట, గది వేడిలోనే ఉంచుతాను. ఎండ తగిలితే రంగు, వాసన రెండూ తగ్గుతాయి. మొదటి వారం రోజుకోసారి జాడీని మెల్లగా అటూ ఇటూ వంచండి, కాండిస్ కరగాలి. వారం అయ్యాక నిమ్మతొక్క తీసేయండి. ఆ తర్వాత మూడు వారాలు దాని జోలికి వెళ్లకండి, వారానికోసారి ముక్కలు మునిగున్నాయో లేదో చూస్తే చాలు. ద్రవం మెల్లగా లేత బంగారు రంగు నుంచి తేనెరంగుకి తిరుగుతుంది.

నాలుగు వారాలు పూర్తయ్యాక మసాలా వంతు. పల్చటి తెల్లటి గుడ్డ ఉడికించి ఆరబెట్టి రెండు చిన్న ముక్కలు చేసుకోండి. మొదటి మూటలో దాల్చినచెక్క, చితక్కొట్టిన యాలకులు, అల్లం, వెనిలా. రెండో మూటలో లవంగాలు, అనాసపువ్వు. పొడవాటి దారాలు కట్టి, కొసలు జాడీ బయట ఉండేలా మూతపెట్టండి. పొడులు ఏవీ వాడొద్దు, వడకట్టినా పోవు.

రెండో మూటని రెండో రోజు నుంచే రుచి చూడాలి. ఒక చెంచా లిక్యూర్‌లో ఒక చెంచా నీళ్లు కలిపి నాలుక మీద వేసుకోండి. నీళ్లు కలపకపోతే ఆల్కహాల్ మంటలో మసాలా తెలియదు. లవంగం 'ఉన్నట్టుంది' అనిపించిన రోజే మూట తీసేయాలి, 'బాగా ఉంది' అనిపించేదాకా ఆగకూడదు. లవంగంలోని యూజినాల్ నాలుకని మొద్దుబారుస్తుంది, పంటినొప్పికి లవంగ నూనె పెట్టేది అందుకే. కాబట్టి అసలు ఎంత దిగిందో మనకి ఆ పూట పూర్తిగా తెలియదు. నాకు మూడో రోజుకే చాలనిపిస్తుంది. మొదటి మూట ఎనిమిది నుంచి పది రోజులు ఉండొచ్చు. బిర్యానీ, పలావు చేసే చేతికి ఈ మసాలా చాలా తక్కువ అనిపిస్తుందని నాకు తెలుసు. అయినా పెంచొద్దు. బిర్యానీలో అన్నం, మాంసం ఆ ఘాటుని పంచుకుంటాయి, ఇక్కడ పంచుకునేవాళ్లు లేరు.

దాల్చినచెక్క సిలోన్‌దే కావాలని పైన రాశాను. మన కిరాణా కొట్లలో దొరికే మందపాటి చెక్క ఎక్కువగా కాసియా. ఘాటు ఎక్కువ, కాస్త వగరు కూడా, పైగా అందులో కుమారిన్ అనే పదార్థం ఎక్కువ. అది ఎక్కువైతే కొందరికి కాలేయానికి మంచిది కాదని జర్మనీ ఆహార నిపుణుల సంస్థ 2006లోనే క్రిస్మస్ బిస్కెట్ల సందర్భంగా హెచ్చరించింది. సిలోన్ చెక్కని గుర్తుపట్టడం తేలిక: కాగితంలా పల్చటి పొరలు ఒకదానిలో ఒకటి చుట్టుకుని ఉంటాయి, చేత్తో నలిపితే పొడి అయిపోతుంది. యాలకులు మాత్రం నేను మా ఊరి నుంచి తెచ్చుకున్నవే వేస్తాను. ఇక్కడి రెసిపీల్లో యాలకులు అరుదు. పులుపున్న ఆపిల్‌కి అవి ఎంత నప్పుతాయో ఒకసారి వేసి చూస్తే తెలుస్తుంది.

మూటలన్నీ తీశాక వడకట్టాలి. ముందు జల్లెడ మీద గుడ్డ పరిచి పోసి, దానంతట అదే కారనివ్వండి. గుడ్డని పిండకండి. పిండితే గుజ్జు దిగి ఇక ఎన్నటికీ తేరుకోదు. కారిన ద్రవాన్ని రెండు మూడు రోజులు ఫ్రిజ్‌లో కదపకుండా ఉంచితే అడుగున మడ్డి దిగుతుంది. పైన తేరిన భాగాన్ని మెల్లగా వంచి కాఫీ వడపోత కాగితంలో పోయండి. డ్రెస్డెన్‌లో మెలిట్టా బెంట్స్ అనే గృహిణి 1908లో కాఫీ కోసం కనిపెట్టిన ఆ కాగితం ఇక్కడ ప్రతి వంటింట్లోనూ ఉంటుంది, లిక్యూర్‌కి అంతకన్నా మంచిది నాకు దొరకలేదు. చుక్క చుక్కగా దిగుతుంది, ఒక సాయంత్రం పడుతుంది. కాగితం మూసుకుపోతే మార్చండి. కాల్చిన ఆపిల్ ఉంది కాబట్టి కొద్దిపాటి మసక ఎలాగూ మిగులుతుంది. అది పెక్టిన్, హాని లేదు.

ఇప్పుడు రుచి చూసి సరిచేసుకోవచ్చు. మరీ తియ్యగా ఉంటే కొంచెం కోర్న్ కలపండి, లేదా వడకట్టిన నిమ్మరసం అరచెంచా. తీపి చాలకపోతే కాండిస్ కొద్ది నీళ్లలో కరిగించి, చల్లార్చి కలపండి. లవంగం ఎక్కువైతే దాన్ని తగ్గించే మందు లేదు. మసాలా లేని ఇంకో సీసా ఆపిల్ లిక్యూర్ కలిపి పల్చన చేయడమే దారి. యూరప్ నిబంధనల ప్రకారం లిక్యూర్ అనిపించుకోవాలంటే సాధారణంగా కనీసం 15 శాతం ఆల్కహాల్, లీటరుకి 100 గ్రాముల చక్కెర ఉండాలి. మన కొలతలు ఆ రెంటికీ పైనే ఉన్నాయి కాబట్టి కాస్త అటూ ఇటూ సర్దుకోవడానికి వీలుంది. నానుతున్నప్పుడు జాడీ మూత తీస్తే బుస్సుమన్నా, బుడగలు లేచినా, పైన బూజు కనిపించినా మొత్తం పారబోయండి. పై పొర తీసేసి వాడుకుందామనుకోవద్దు.

సీసాలు మరిగించిన నీళ్లతో శుభ్రం చేసి, ఆరాక నింపండి. వెంటనే తాగకండి. మూడు నాలుగు వారాలు చీకట్లో పడుంటే మద్యపు గరుకుదనం తగ్గి, మసాలా, ఆపిల్ ఒకటవుతాయి. చల్లటి చోట సీల్ సీసా ఏడాది దాకా ఉంటుంది గానీ, ఆపిల్ తాజాదనం మొదటి ఆరునెలల్లోనే బాగుంటుంది. తెరిచాక ఫ్రిజ్‌లో పెట్టుకోండి.

చిన్న గ్లాసులో రెండు సెంటీలీటర్లు (20 మిల్లీలీటర్లు), గది చల్లదనంలో తాగడం ఒక పద్ధతి. చలి బాగా ఉన్న రోజున ఆపిల్ రసం వేడిచేసి, పొయ్యి మీంచి దించాక నాలుగు సెంటీలీటర్లు కలిపి, పైన గిలక్కొట్టిన క్రీమ్ వేసుకుంటే నాకు అన్నిటికన్నా ఇష్టం. లిక్యూర్‌ని పొయ్యి మీద మరిగిస్తే వాసనంతా గాల్లో కలుస్తుంది. తియ్యగా ఉంటుంది కాబట్టి ఎంత తాగామో తెలియదు. జర్మనీలో కారు నడిపేవాళ్లకి పరిమితి 0.5 ప్రోమిల్ (అంటే రక్తంలో వెయ్యింట అర వంతు ఆల్కహాల్), కొత్తగా లైసెన్సు వచ్చినవాళ్లకి సున్నా. ఇంటికి కారులో వచ్చిన అతిథికి తాగమని బలవంతం చేయకుండా, చిన్న సీసాలో పోసి చేతికివ్వండి. గర్భిణులకి, మందులు వాడుతున్నవాళ్లకి వద్దు. చూడ్డానికి అచ్చం ఆపిల్ రసంలా ఉంటుంది కాబట్టి సీసా మీద 'మద్యం, సుమారు 20 శాతం' అని పెద్దక్షరాలతో రాసి, పిల్లలకి అందని చోట పెట్టాలి. బహుమతిగా ఇవ్వండి గానీ, లైసెన్సు లేకుండా అమ్మకూడదు.

వడకట్టగా మిగిలిన ఆపిల్ ముక్కల్ని నేను పారేయను. నల్లబడిన తొక్కలు ఏరేసి, డబ్బాలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచితే ఒక వారం ఉంటాయి. వెనిలా ఐస్‌క్రీమ్ మీద రెండు చెంచాలు వేసుకోవచ్చు, కేక్ పిండిలో కలపొచ్చు. అయితే ఆ ముక్కల్లోనూ లిక్యూర్ అంత బలమూ ఉంటుంది. కేక్‌లో కాల్చినా ఆల్కహాల్ మొత్తం పోదు, అందుకని పిల్లలకి ముక్కలు కలపకుండా వేరే కేక్ కాల్చండి.